బొమ్మ చూపి కథ చెప్పేవాళ్ళు

ములకలపల్లి చుట్టుపక్కల గూడేల్లో పిల్లలు ఫోన్లో డోరేమాన్ చూస్తుంటే "ఏంట్రా ఆ పిచ్చి బొమ్మలు" అని కసిరి ఊరుకుంటాం. ఈసారి కసరకుండా, అలాంటి బొమ్మల కథల వెనక ఏముందో చూద్దాం.

జపాన్‌లో వందల ఏళ్ళ కిందటే భిక్షువులు, భిక్షుణులు బొమ్మల చుట్టలు విప్పి, ఒక్కో బొమ్మా చూపిస్తూ బుద్ధుని జీవితం, కర్మఫలం వివరించేవారు. దాన్ని ఎతోకి అంటారు. చదువురాని జనానికి అదే బడి. 1930 ప్రాంతానికి బొమ్మల కథ వీధిలోకీ వచ్చింది. ఒకాయన సైకిలు మీద చిన్న చెక్క చట్రం పెట్టుకొచ్చి, చెక్కలు టకటక కొట్టి పిల్లల్ని పిలిచి, మిఠాయి అమ్మి, అట్టబొమ్మలు ఒక్కోటీ లాగుతూ కథ చెప్పేవాడు. దాని పేరు కామిషిబాయి, అంటే కాగితపు నాటకం.

టీవీ వచ్చి ఆయన పొట్ట కొట్టింది. కథ మాత్రం పోలేదు. ఆ అట్టబొమ్మలు గీసి బతికిన మిజుకి షిగేరు, వీధుల్లో పాతబడిన కితారో కథని బొమ్మల పుస్తకంగా మార్చాడు. అదే తర్వాత టీవీ కార్టూన్ అయింది. పల్లెజనం నమ్మే చెట్టు దయ్యాలు, కొండ దయ్యాలు అన్నీ అందులో ఉన్నాయి. వాటికీ మనుషులకీ మధ్య తగవు తీర్చేవాడు కితారో. అడవి మనుషులదొక్కళ్ళదే కాదనే పాత బుద్ధి అలా ఇంటింటికీ చేరింది.

మన కోయల డోలి కళాకారులు చేసేదీ ఇలాంటి పనే కదా! గుడ్డ మీద బొమ్మలు వేసిన పడిగె విప్పి, డోలి వాయిస్తూ, గట్టు గట్టుకీ దాని పుట్టుక చెప్తారు. కరువులో కప్పం కట్టలేమన్న వాళ్ళ మీదికి కాకతీయ సైన్యం వచ్చిందన్న సమ్మక్క సారలమ్మల కథ మన పెద్దలు పుస్తకంలో చదవలేదు, ఆ పాటలో విన్నారు. మన జిల్లాలోనే, మణుగూరు మండలం కూనవరంలో సకిని రామచంద్రయ్య గారు కోయలోనూ తెలుగులోనూ పాడేవారు. 2022లో పద్మశ్రీ వచ్చింది. 2024లో కన్నుమూశారు. పతకం గోడకి వేలాడుతుంది, పాటకి గొంతు కావాలి.

వినయపిటకం చుల్లవగ్గంలో ఒక సంగతి ఉంది. బ్రాహ్మణ కులంలో పుట్టి భిక్షువులైన ఇద్దరు అన్నదమ్ములు బుద్ధవచనాన్ని ఛందస్సులో పెడతామన్నారు. బుద్ధుడు ఒప్పుకోలేదు, ఎవరి భాషలో వాళ్ళు నేర్చుకోమన్నాడు. (పండితులు కొందరు వేరే అర్థం చెప్తారు, చెప్పనివ్వండి.) ఆ మాట కోయ భాషకీ వర్తిస్తుంది.

వచ్చే సమావేశానికి వచ్చేలోగా ఒక పని చేయండి. మీ దగ్గర్లో పడిగె ఏ ఇంట ఉందో, దాన్ని చూసి పాడగలిగినవాళ్ళు ఎవరున్నారో అడిగి తెలుసుకోండి. వాళ్ళు సరేనంటే, ఆ ఫోను పట్టుకున్న పిల్లాణ్ణే రికార్డు చేయమనండి. పడిగె ఎప్పుడు విప్పాలో మాత్రం వాళ్ళే చెప్తారు, తొందరపెట్టకండి.