గోడ కనబడని ఈత

మన పల్లెల్లో పిల్లలు ఈత ఎలా నేర్చుకుంటారు? నడుముకు ఎండిన సొరకాయ బుర్రలు కట్టుకుంటారు. బావిలోకో చెరువులోకో దిగుతారు. అన్నో, బాబాయో పక్కనే ఉండి నేర్పుతాడు. కొన్నాళ్లకు బుర్రలు విప్పేస్తారు. ఈత బాగా వచ్చాక వెల్లకిలా పడుకుని కూడా ఈదుతారు. ముఖం ఆకాశం వైపు, వీపు నీళ్ల వైపు.

ఈ వెల్లకిల ఈతకు ప్రపంచంలో పెద్ద పెద్ద పోటీలు జరుగుతాయి. దీన్ని ఇంగ్లీషులో బ్యాక్‌స్ట్రోక్ అంటారు. ఈ ఈతలో పేరు తెచ్చుకున్న ఒక స్త్రీ గురించి ఈ పాఠంలో తెలుసుకుందాం. ఆమె పేరు కిర్స్టీ కోవెంట్రీ. ఆమెది ఆఫ్రికా ఖండంలోని జింబాబ్వే దేశం.

ఈ ఈతలో కష్టం ఏమిటి?

ఒలింపిక్ పోటీలు జరిగే కొలను పొడవు 50 మీటర్లు. 200 మీటర్ల పోటీ అంటే ఆ చివర నుంచి ఈ చివరకు నాలుగుసార్లు ఈదాలి. మిగతా ఈతల్లో గట్టు మీద నుంచి నీళ్లలోకి దూకుతారు. వెల్లకిల ఈతలో అలా కాదు. నీళ్లలోనే ఉండి పిడి పట్టుకుంటారు. కాళ్లతో గోడను తన్ని బయలుదేరతారు.

అసలు కష్టం ఇంకోటి ఉంది. ఈదే మనిషికి పైకప్పో, ఆకాశమో కనబడుతుంది గాని, చేరాల్సిన గోడ కనబడదు. లెక్క తప్పితే తల గోడకు కొట్టుకుంటుంది. భయపడి నెమ్మదిస్తే పక్కవాళ్లు ముందుకు పోతారు. అందుకని గోడకు 5 మీటర్ల ముందు, నీళ్లకు పైన, తోరణంలాగా చిన్న జెండాలు కడతారు. జెండాలు కనబడగానే ఈదేవాళ్లు బారలు లెక్కపెట్టుకుంటారు. ఇన్ని బారలు వేస్తే గోడ వస్తుందని వాళ్లకు ముందే తెలుసు. ఎలా తెలుసు? రోజూ సాధన చేసి తెలుసుకుంటారు. కన్ను చేసే పనిని ఇక్కడ లెక్క చేస్తుంది.

చిన్న దేశం, పెద్ద పతకం

కిర్స్టీ 1983 సెప్టెంబరు 16న జింబాబ్వే రాజధాని హరారేలో పుట్టింది. ఆ దేశానికి సముద్రం లేదు. అక్కడ నల్లజాతివారే ఎక్కువ. తెల్లజాతివారు చాలా కొద్దిమంది. కిర్స్టీ తెల్లజాతి అమ్మాయి.

బడిలో చదువుకుంటూనే ఆమె 2000 సంవత్సరంలో సిడ్నీ ఒలింపిక్స్‌కు వెళ్లింది. అప్పటికి ఆమెకు 17 ఏళ్లు. పతకం రాలేదు. తర్వాత అమెరికాలోని ఆబర్న్ విశ్వవిద్యాలయంలో చేరింది. ఒక పక్క చదువు, ఇంకో పక్క ఈత.

2004లో ఏథెన్స్ ఒలింపిక్స్ జరిగాయి. అక్కడ ఆమె 200 మీటర్ల వెల్లకిల ఈతలో బంగారు పతకం గెలిచింది. ఇంకో రెండు పోటీల్లో ఒక వెండి, ఒక కంచు పతకం వచ్చాయి. అంతకు ముందు జింబాబ్వేకు ఒలింపిక్ పతకం వచ్చింది ఒక్కసారే. 1980లో ఆడవాళ్ల హాకీ జట్టు బంగారు పతకం తెచ్చింది. మళ్లీ 24 ఏళ్లకు కిర్స్టీ తెచ్చింది.

ఆ రోజుల్లో జింబాబ్వేలో భూముల గొడవ నడుస్తోంది. మంచి భూముల్లో చాలా భాగం తెల్లజాతివారి చేతుల్లో ఉండేది. 2000 నుంచి ప్రభుత్వం ఆ భూములు తీసుకోవడం మొదలుపెట్టింది. రెండు జాతుల మధ్య కోపతాపాలు పెరిగాయి. అయినా కిర్స్టీ పతకాలతో తిరిగి వస్తే నల్లజాతి జనం విమానాశ్రయానికి వచ్చి ఆటపాటలతో స్వాగతం చెప్పారు. ఆమె రంగు ఏదైనా, గెలిచింది మన పిల్ల అనుకున్నారు.

మూడుసార్లు వెండి

హంగరీ దేశంలో క్రిస్టినా ఎగెర్సెగి అనే గొప్ప ఈతగత్తె ఉండేది. 200 మీటర్ల వెల్లకిల ఈతలో 1991లో ఆమె పెట్టిన ప్రపంచ రికార్డును 16 ఏళ్లు ఎవరూ దాటలేకపోయారు. 2008 ఫిబ్రవరిలో కిర్స్టీ దాటింది. కాని జూలైలోనే అమెరికాకు చెందిన మార్గరెట్ హెల్జర్ ఇంకా వేగంగా ఈది ఆ రికార్డును తీసేసుకుంది. ఆగస్టులో బీజింగ్ ఒలింపిక్స్.

ఇక్కడ ఒక చిన్న లెక్క తెలుసుకోవాలి. రూపాయికి నూరు పైసలు కదా! అలాగే ఒక సెకనును నూరు భాగాలు చేస్తారు. ఈత పోటీల్లో గెలుపోటములు ఆ నూరో వంతుల్లోనే తేలతాయి.

ఆగస్టు 10న 400 మీటర్ల కలగలుపు ఈత జరిగింది. అంటే నాలుగు రకాల ఈతలూ ఒకే పోటీలో ఈదాలి. ఆస్ట్రేలియాకు చెందిన స్టెఫనీ రైస్ గెలిచింది. కిర్స్టీ 44 నూరో వంతులు వెనకబడింది. వెండి వచ్చింది.

11న 100 మీటర్ల వెల్లకిల ఈత సెమీ ఫైనల్. అందులో కిర్స్టీ ప్రపంచ రికార్డు పెట్టింది. బంగారం ఆమెదే అనుకున్నారు. 12న ఫైనల్లో అమెరికాకు చెందిన నటాలీ కాఫ్లిన్ 23 నూరో వంతుల తేడాతో గెలిచింది. మళ్లీ వెండే.

13న 200 మీటర్ల కలగలుపు ఈత. ఈసారి తేడా 14 నూరో వంతులే. మళ్లీ స్టెఫనీ రైసే గెలిచింది. కిర్స్టీకి మూడో వెండి.

మూడు తేడాలూ కలిపినా ఒక్క సెకను కాదు. ఆ ఒక్క సెకను కోసం మూడు బంగారు పతకాలు పోయాయి. ఇలాంటప్పుడు మనిషికి ఎలా ఉంటుంది? ఇంక చాలు, ఇంటికి పోదాం అనిపించదా?

ఇంకో పోటీ మిగిలి ఉంది. ఆగస్టు 16న 200 మీటర్ల వెల్లకిల ఈత. పోటీలో మార్గరెట్ హెల్జర్ కూడా ఉంది. కిర్స్టీ 2 నిమిషాల 5.24 సెకన్లలో ఈదింది. హెల్జర్ కంటే 99 నూరో వంతులు ముందు గోడను తాకింది. బంగారం దక్కింది. పోయిన ప్రపంచ రికార్డూ తిరిగి వచ్చింది.

అప్పుడు జింబాబ్వేలో జనం చాలా అవస్థలో ఉన్నారు. పొద్దున్న ఉన్న ధర సాయంత్రానికి ఉండేది కాదు. 2009 జనవరిలో ఆ ప్రభుత్వం 100 లక్షల కోట్ల డాలర్ల నోటు అచ్చువేసింది. అంటే డబ్బుకు విలువే లేకుండా పోయింది. పతకం వస్తే ధరలు తగ్గవు. ఆకలి తీరదు. కాని ఆ కష్టంలో ఆ జనానికి సంతోషించడానికి ఒక కారణం దొరికింది.

ఈత ఆపేశాక

కిర్స్టీ 2009లో మరోసారి ప్రపంచ రికార్డు పెట్టింది. 2012లో లండన్‌కు, 2016లో రియోకు వెళ్లింది. రెండుచోట్లా 200 మీటర్ల వెల్లకిల ఈతలో ఆరో స్థానం వచ్చింది. అంతటితో పోటీలు మానేసింది. ఐదు ఒలింపిక్స్, ఏడు పతకాలు. 2024 వరకు జింబాబ్వేకు వచ్చిన ఒలింపిక్ పతకాలు మొత్తం ఎనిమిది. అందులో ఏడు ఆమెవే.

2018లో ఆమె తన దేశానికి క్రీడల మంత్రి అయింది. ఈ పని ఈతంత సులువుగా సాగలేదు. ఫుట్‌బాల్ వ్యవహారాల్లో ప్రభుత్వం జోక్యం చేసుకుందని 2022లో ప్రపంచ ఫుట్‌బాల్ సంఘం జింబాబ్వేను పక్కన పెట్టింది. 2023లో మళ్లీ చేర్చుకుంది. మంత్రిగా ఆమెను విమర్శించినవాళ్లూ ఉన్నారు.

2025 మార్చి 20న అంతర్జాతీయ ఒలింపిక్ సంఘం అధ్యక్ష పదవికి ఎన్నిక జరిగింది. 97 ఓట్లలో ఆమెకు 49 వచ్చాయి. జూన్ 23న బాధ్యత తీసుకుంది. 1894లో పుట్టిన ఆ సంఘానికి అధ్యక్షురాలైన మొదటి స్త్రీ ఆమే. ఆఫ్రికా నుంచి వచ్చిన మొదటి మనిషీ ఆమే.

చేరాల్సిన చోటు ఎప్పుడూ కళ్ల ముందు ఉండదు. లెక్క తప్పకుండా బారలు వేస్తూ పోవాలి. మొదట అక్షరాలు దిద్దినప్పుడు ఈ పాఠం చదవగలమని మనలో ఎంతమందిమి అనుకున్నాం?

కొత్త మాటలు

వెల్లకిలా – వీపు కిందికి, ముఖం పైకి ఉండేలా
బార – ఈతలో ఒకసారి చేయి చాచి వేయడం
రికార్డు – అప్పటిదాకా ఎవరూ చేయనంత బాగా చేసినది

లెక్క చేద్దాం

1. బీజింగ్‌లో కిర్స్టీ ఓడిన మూడు పోటీల తేడాలు: 44, 23, 14. కూడితే ఎంత? గెలిచిన పోటీ తేడా 99. ఏది ఎక్కువ?
2. 100 లక్షల కోట్లు అంకెల్లో రాయండి. ఒకటి పక్కన ఎన్ని సున్నలు వచ్చాయి?

మాట్లాడుకుందాం

1. గోడ కనబడకపోయినా, గోడ దగ్గరపడిందని ఈదేవాళ్లకు ఎలా తెలుస్తుంది?
2. మూడుసార్లు వెండి వచ్చాక కిర్స్టీ మానేసి ఉంటే ఏమయ్యేది?
3. మీ ఊళ్లో మగపిల్లలకు ఈత ఎవరు నేర్పుతారు? ఆడపిల్లలకు కూడా నేర్పుతున్నారా? లేకపోతే ఎందుకు?