1948: గుర్తున్నదీ, పక్కన పెట్టినదీ

1915 ఏప్రిల్ 24 రాత్రి కాన్‌స్టాంటినోపుల్ నగరంలో ఆటోమన్ ప్రభుత్వం రెండు వందలకు పైగా ఆర్మీనియన్ రచయితల్నీ, వకీళ్ళనీ, డాక్టర్లనీ, పత్రికల వాళ్ళనీ పట్టుకుపోయింది. వాళ్ళలో ఎక్కువమంది తిరిగి రాలేదు. ఆ తర్వాత ఊళ్ళకు ఊళ్ళనే ఖాళీ చేయించి, ఆడవాళ్ళనీ ముసలివాళ్ళనీ పిల్లల్నీ సిరియా ఎడారి వైపు నడిపించారు. దారిలో కత్తికి బలి అయినవారు కొందరు, ఆకలికీ దప్పికకూ పోయినవారు ఇంకెందరో. చనిపోయినవాళ్ళు ఆరు లక్షలని కొందరూ, పదిహేను లక్షలని కొందరూ లెక్క చెబుతారు.

ఎక్కడి ఆర్మీనియా, ఎక్కడి బేగంపేట అని చదువరులకు అనిపించవచ్చు. నిజానికి ఆర్మీనియన్లు మనకు మరీ పరాయివాళ్ళు కారు. పాతబస్తీ దగ్గరి ఉప్పుగూడలో పదిహేడవ శతాబ్దం నాటి వాళ్ళ సమాధులు వున్నాయి. ప్రపంచంలోనే మొట్టమొదటి ఆర్మీనియన్ పత్రిక 1794లో మద్రాసులో అచ్చయింది. అయితే నేను ఈ వ్యాసం రాయడానికి కారణం అది కాదు. ఆర్మీనియన్ల గురించి చదువుతుంటే నాకు పదే పదే తట్టిన ప్రశ్న ఒకటి వుంది: ఒక పెద్ద హత్యాకాండను జనం ఎట్లా గుర్తుపెట్టుకుంటారు, ఎట్లా మరచిపోతారు? దీనికి జవాబు వెతకడానికి అంత దూరం పోనక్కర లేదు. 1948 సంవత్సరం మన ఇంటి ముంగిట్లోనే వుంది.

మొదట అందరికీ తెలిసిన భాగం చెబుతాను. 1947 ఆగస్టులో దేశానికి స్వాతంత్ర్యం వచ్చినా పదహారు జిల్లాల హైదరాబాద్ సంస్థానం నిజాం చేతిలోనే వుండిపోయింది. ఎనిమిది తెలుగు జిల్లాలు, ఐదు మరాఠీ జిల్లాలు, మూడు కన్నడ జిల్లాలు. 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య తుపాకీ గుండుకు నేలకొరిగిన నాటి నుంచి పల్లెల్లో దేశ్‌ముఖుల మీద రైతుల తిరుగుబాటు సాగుతున్నది. దాన్ని అణచడానికీ, సంస్థానాన్ని ఇండియాలో కలవనీయకుండా ఆపడానికీ ఖాసిం రజ్వీ నాయకత్వాన రజాకార్లు బయలుదేరారు. ఈయన లాతూరులో వకీలు. రజాకార్లు ఊళ్ళమీద నెలనెలా డబ్బు వేసి వసూలు చేసేవారు, ఎదురు తిరిగిన ఊరిని తగలబెట్టేవారు.

బైరాన్‌పల్లి ఎదురు తిరిగింది. ఇప్పుడది సిద్దిపేట జిల్లాలో వుంది. ఊరి మధ్య బురుజు మీద కాపలా వుండి, శత్రువు కనబడగానే నగారా మోగించి, ఒకటికి రెండుసార్లు రజాకార్లను తరిమిన ఊరది. 1948 ఆగస్టు 27న తెల్లవారకముందే వాళ్ళు నిజాం పోలీసులనూ సైన్యాన్నీ వెంటబెట్టుకొని వచ్చారు. ఫిరంగి దెబ్బకు బురుజు మీది వాళ్ళు పోయారు. తర్వాత మగవాళ్ళను పట్టుకొని వరుసగా నిలబెట్టి కాల్చారు. ఆ రోజు పోయినవాళ్ళు 96 మంది అని కొందరు రాస్తారు, 118 మంది అని కొందరు రాస్తారు. భారత సైన్యం సంస్థానంలోకి రావడానికి అప్పటికి సరిగ్గా పదిహేడు రోజులు మిగిలి వుంది.

దానికి వారం ముందే హైదరాబాదు నగరంలో షోయబుల్లా ఖాన్‌ను చంపారు. 'ఇమ్రోజ్' అనే ఉర్దూ పత్రిక సంపాదకుడాయన. సంస్థానం ఇండియాలో కలవాలని రాసినందుకు, రజాకార్లను తప్పుపట్టినందుకు ఆయన చెయ్యి నరికి ప్రాణం తీశారు. రజాకార్లంటే ముస్లిములు, ముస్లిములంటే రజాకార్లు అని లెక్క కట్టేవాళ్ళు ఈ ఒక్క పేరు దగ్గర కాసేపు ఆగాలని నా మనవి.

1948 సెప్టెంబరు 13న మొదలైన పోలీసు చర్య ఐదు రోజుల్లో ముగిసింది. 18న నిజాం సేనాపతి ఎల్ ఎద్రూస్, మేజర్ జనరల్ చౌధురికి లొంగిపోయాడు. మరుసటి ఏడు ఫిబ్రవరిలో సర్దార్ పటేల్ వచ్చినప్పుడు నిజాం చేతులు జోడించి ఎదురొచ్చిన ఫోటో మనమందరం చూసిందే. ఆ ఫోటో మన బేగంపేట విమానాశ్రయంలో తీసినదే. స్కూలు పుస్తకంలో కథ ఆ ఫోటోతో ఆగిపోతుంది. ఆ ఫోటోకు ముందరి ఐదు నెలల్లో ఏం జరిగిందన్నది నేను కాలేజీకి వచ్చిన తర్వాతే చదివాను.

సైన్యం వచ్చిన తర్వాత పల్లెల్లో, పట్నాల్లో ముస్లిముల మీద ప్రతీకారం మొదలైంది. రజాకారు ఎవరు, కాని వాడెవరు అన్న విచారణ లేకుండానే చాలాచోట్ల ఇళ్ళు దోచారు, మనుషుల్ని చంపారు. ఈ వార్తలు ఢిల్లీ చేరితే ప్రధాని నెహ్రూ పండిట్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్, మౌలానా అబ్దుల్లా మిస్రీలను చూసి రమ్మని పంపాడు. వాళ్ళు నవంబరు చివర నుంచి డిసెంబరు 21 దాకా పదహారు జిల్లాల్లో తొమ్మిదింటిలో తిరిగారు. ఏడు జిల్లా కేంద్రాలు, 21 పట్నాలు, 23 ముఖ్యమైన గ్రామాలు చూశారు. తాము పోలేని ఇంకో 109 గ్రామాల నుంచి వచ్చిన ఐదు వందల మందికి పైగా మాట్లాడించారు. పోలీసు చర్య సమయంలోనూ ఆ తర్వాతా కలిపి తక్కువలో తక్కువ 27,000 నుంచి 40,000 మంది దాకా చనిపోయి వుంటారని వాళ్ళ అంచనా. అందులో 18,000కు తక్కువ కాకుండా ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ అనే నాలుగు జిల్లాల్లోనే. కుళ్ళిన శవాలతో నిండిన బావులు తమ కళ్ళతో చూశామని రాశారు. జనరల్ చౌధురి నిష్పాక్షికతను మెచ్చుకున్నారు, సైన్యంలో పోలీసుల్లో కొందరు దోపిడీకి చేయి కలిపారనీ రాశారు. రజాకార్ల దౌర్జన్యాలనూ దాచలేదు. వాళ్ళు రాసిన ఇంకో సంగతి నాకు మరీ నచ్చింది: హిందూ సాలెవాళ్ళు తమతోటి ముస్లిం సాలెవాళ్ళకు అడ్డం నిలబడి కాపాడారు, ఆ పనిలో తమ ప్రాణాలు పోగొట్టుకున్న వాళ్ళు కూడా వున్నారు. ఎత్తుకుపోయిన ఆడవాళ్ళను వెతికి తేవడానికి సాయపడ్డ హిందువులు చాలామంది వున్నారు.

ఈ నివేదికను ప్రభుత్వం అచ్చు వేయలేదు. 1950లోనే స్మిత్ అనే పండితుడు విదేశీ పత్రికలో ఈ విషయం మీద వ్యాసం రాశాడు. 1988లో ఉమర్ ఖాలిదీ పుస్తకంలో కొన్ని భాగాలు వచ్చాయి. ఢిల్లీలోని నెహ్రూ మ్యూజియంలో నివేదిక చూడవచ్చునన్న సంగతి పత్రికలకెక్కి నలుగురికీ తెలిసింది 2013లో. అరవై అయిదేళ్ళు పట్టింది!

ఇక్కడ ఒక చిత్రమైన కలయిక చెప్పాలి. సుందర్‌లాల్ బృందం మన జిల్లాల్లో తిరుగుతున్న ఆ రోజుల్లోనే, 1948 డిసెంబరు 9న, పారిస్‌లో ఐక్యరాజ్య సమితి జాతి నిర్మూలన నేరాన్ని నిషేధించే ఒడంబడికను ఆమోదించింది. 'జెనోసైడ్' అన్న మాటను 1944లో పుట్టించినవాడు రాఫెల్ లెమ్కిన్. ఆయన్ని ఆ ఆలోచనలో పడేసినది ఆర్మీనియన్ల గతే. ఒక మనిషిని చంపినవాడికి శిక్ష వుండగా ఒక జాతిని చంపినవాడికి ఎందుకు లేదు అన్నది ఆయన పట్టిన పట్టు. ఆ మాటకు షరతులు వున్నాయి. ఒక జాతిని పూర్తిగానో పాక్షికంగానో రూపుమాపాలనే ఉద్దేశం రుజువు కావాలి. అందుచేత మన 1948కి ఆ మాట తగిలించడం సరి కాదని నా అభిప్రాయం. ఢిల్లీ నుంచి అట్లాంటి ఆజ్ఞ ఏదీ రాలేదు, పైగా విచారణకు మనుషుల్ని పంపింది ఢిల్లీయే. కానీ ఆ మాట వర్తించనంత మాత్రాన పోయిన ప్రాణాలు తిరిగిరావు కదా!

సైన్సు విద్యార్థిని గనుక నన్ను ఈ అంకెలు వదలలేదు. 27,000కూ 40,000కూ నడుమ 33,500 వేసుకుంటే అటూ ఇటూ 6,500. అంటే దాదాపు 19 శాతం ఎర్రర్. మా ల్యాబులో ఇంత ఎర్రర్ తెస్తే సారు రికార్డు మొహాన కొడతారు. కానీ ఇక్కడ కొలిచే సాధనమేది? 1941 జనాభా లెక్కలనూ 1951 లెక్కలనూ పక్కపక్కన పెడదామంటే, ఆ నడుమ పాకిస్తాను పోయినవాళ్ళు వున్నారు, పల్లె వదిలి హైదరాబాదు నగరంలో తలదాచుకున్నవాళ్ళు వున్నారు. చచ్చిపోయినవాడూ ఊరు విడిచినవాడూ ఆ పట్టికలో ఒకే తీసివేతగా కనబడతారు. ఆర్మీనియన్ల విషయంలోనూ ఇదే చిక్కు. యుద్ధానికి ముందు ఆటోమన్ రాజ్యంలో ఎంతమంది ఆర్మీనియన్లు వున్నారన్నదే తేలని తగవు, సర్కారు లెక్క వేరు, వాళ్ళ చర్చి లెక్క వేరు. మొదటి రీడింగే రెండు రకాలుగా వున్నప్పుడు చివరి తేడా ఎట్లా ఒకటవుతుంది? అయితే అంకె ఖచ్చితంగా తెలియకపోవడం వేరు, సంఘటనే జరగలేదనడం వేరు. ఈ రెంటినీ కలిపేసి వాదించేవాళ్ళు అక్కడా వున్నారు, ఇక్కడా వున్నారు. బైరాన్‌పల్లిలో 96 అన్నా 118 అన్నా అక్కడ హత్యాకాండ జరగలేదని ఎవరూ అనరు గదా.

మాది జహీరాబాద్ వైపు. 1956 దాకా ఆ తాలూకా బీదర్ జిల్లాలో వుండేది, అంటే పైన చెప్పిన నాలుగు జిల్లాల్లో ఒకటి. ఎర్రనేల, చెరుకు, అల్లం, ఆలుగడ్డ. మా ఊళ్ళో ఇప్పుడు ఒక్క ముస్లిం కుటుంబం లేదు. పీర్ల చావడి మాత్రం వుంది. మొహర్రంకు పీర్లు లేపడానికి ముజావర్ పక్క ఊరి నుంచి వస్తాడు, నిప్పుల గుండం చుట్టూ ఆడేది మేమే. ఊరి పడమట ఒక పాడుబడ్డ బావిని 'మియాబావి' అంటారు. ఎవరి మియా, ఎందుకు పాడుబడింది అని మా అవ్వను అడిగాను. 1948లో ఆమె మూడేళ్ళ పిల్ల. వాళ్ళమ్మ చెప్పిన రజాకార్ల కథ, గడ్డివాములో దాక్కున్న సంగతి, నోట్లో గుడ్డ పెట్టి పిల్లల్ని ఏడవకుండా ఆపిన సంగతి పూసగుచ్చినట్టు చెప్పింది. బావి మాట ఎత్తగానే, "గా ముచ్చట నీకెందుకు బిడ్డా, గప్పుడు అందరికీ మతి పోయింది" అని లేచి బర్రెకు కుడితి పెట్టడానికి పోయింది. బావిలో ఏదో జరిగిందని దీనివల్ల రుజువు కాదు. కుటుంబాలు బతుకుతెరువు కోసమూ పట్నం పోతాయి, నీళ్ళు లేకనూ బావులు పాడుబడతాయి. కానీ ఒకే మనిషి, ఒకే ఏడాది గురించి, ఒక సగం గొంతెత్తి, ఇంకో సగం పెదవి బిగించి చెప్పడం నేను గమనించాను.

ఒక్క దారి కాగితాలది. రైతుబిడ్డలకు చెప్పనక్కర లేదు, తెలంగాణలో ఏ భూమి తగాదా అయినా 1954-55 ఖాస్రా పహాణీ దగ్గరికి పోవలసిందే. దాన్ని అంతకు ముందరి సేత్వారుతో పోల్చి చూస్తే, ఫలానా సర్వే నంబరు మీద ఎవరి పేరు పోయిందో, ఎవరి పేరు వచ్చిందో తెలుస్తుంది. అమ్మకం వల్లనా, కౌలు చట్టం వల్లనా, యజమాని లేకపోవడం వల్లనా అన్నది మాత్రం ఒక్కొక్క కేసూ విడిగా చూడాలి. ఆటోమన్ సర్కారు 1915లో ఏకంగా చట్టమే చేసింది, వెళ్ళగొట్టిన వాళ్ళ ఆస్తులకు 'విడిచిపెట్టిన ఆస్తులు' అని పేరు పెట్టి! తామే వెళ్ళగొట్టి, వాళ్ళే విడిచిపెట్టారనడం. ఆర్మీనియన్లను అధ్యయనం చేసేవాళ్ళు ఇప్పుడు ఈ దస్తావేజుల వెంటే పడుతున్నారు.

స్మారకాల సంగతి చూద్దాం. సోవియట్ కాలంలో ఆర్మీనియాలో ఈ మాట పైకి ఎత్తేవాళ్ళు కారు. యాభై ఏళ్ళు నిండిన 1965 ఏప్రిల్ 24న యెరెవాన్ వీధుల్లోకి జనం వెల్లువలా వచ్చారు. 1967లో అక్కడి కొండమీద స్మారకం లేచింది. నడుమ ఆరని జ్యోతి, చుట్టూ లోపలికి వంగిన పన్నెండు రాతి పలకలు, పక్కన 44 మీటర్ల సూది లాంటి స్తంభం. ఏటా ఆ రోజున జనం పూలు తెచ్చి పెడతారు. టర్కీ ప్రభుత్వం మాత్రం ఈనాటికీ దాన్ని జాతి నిర్మూలన అని ఒప్పుకోదు.

మనకు బైరాన్‌పల్లిలో బురుజు వుంది, స్తూపం వుంది. పరకాలలో 1947 సెప్టెంబరు 2న జెండా ఎగరేయబోయి కాల్పుల్లో పోయినవారికి అమరధామం వుంది. సాయుధ పోరాటం 1951 అక్టోబరు దాకా సాగింది; దానిలో పోయిన నాలుగు వేల మంది లెక్కను సుందరయ్య గారి పుస్తకం రాసిపెట్టింది, ఊరూరా ఎర్ర స్తూపాలు వున్నాయి. పోలీసు చర్య తర్వాత పోయినవాళ్ళకు వున్నది ఒక ఫైలు, కొన్ని పరిశోధనలు, నెల్లూరి కేశవస్వామి 'యుగాంతం' లాంటి ఒకటి రెండు కథలు. సెప్టెంబరు 17 పేరు మీద మాత్రం మన దగ్గర తగవు ఆగదు. 2022లో మన పక్కనే సికింద్రాబాద్ పరేడ్ మైదానంలో కేంద్రం దాన్ని విమోచన దినమంది, అదే రోజు రాష్ట్రం జాతీయ సమైక్యతా దినమంది. 2024లో రాష్ట్ర ప్రభుత్వం ప్రజాపాలన దినమంది. పేర్లు మూడు, సభలు మూడు. సుందర్‌లాల్ లెక్క ఏ సభలోనూ ముఖ్యాంశం కాలేదు.

ఇంకొక తొందర వుంది. 1948లో పదేళ్ళ పిల్లవాడికి ఇవాళ తొంభై దగ్గర పడుతున్నది. సెలవులకు ఊరికి పోయే మిత్రులు ఎవరైనా ఈ పని చేయదలిస్తే నా అనుభవం కొంచెం చెబుతాను. "ఎంతమంది చచ్చిపోయిండ్రు" అని అడిగితే ముసలివాళ్ళు నోరు మూసుకుంటారు. ఆ యేడు వానలు ఎట్లా పడ్డాయి, మిలిటరీ వచ్చే నాటికి పెసర తెంపడం అయిందా లేదా, ఆ కాలంలో మగ్గాలు ఎన్ని వుండేవి, బట్ట ఎవరు నేసేవారు, ఆ ఇంటివాళ్ళ పిల్లలు ఇప్పుడు ఎక్కడ వున్నారు అని అడగాలి. చెప్పినది చెప్పినట్టే, వాళ్ళ మాటల్లోనే రాసుకోవాలి. తేదీ అడగవద్దు. ఫస్లీ లెక్క చెబితే దానికి 590 కలుపుకుంటే చాలు, 1357 ఫస్లీలో మొదటి మూడు నెలలు పోను మిగిలినది 1948. ఒకే ఊళ్ళో ఇద్దరు రెండు రకాలుగా చెబితే రెండూ రాసుకోండి, కొట్టివేయకండి. మా వూరి పక్క ఊళ్ళోని ముజావర్‌ను నేను ఇంకా కలవలేదు. ఈసారి మొహర్రంకు వచ్చినప్పుడు మియాబావి సంగతి ఆయన్ను అడగాలని వుంది.