కల్లోలం జరగని పట్టణమును గూర్చి

మత కల్లోలాలపై పరిశోధన చేయువారు సాధారణంగా కల్లోలం జరిగిన ఊరికే పోవుదురు. కాలిన దుకాణాలు, మృతుల సంఖ్య, విచారణ సంఘపు నివేదిక, ఇవే వారికి ఆధారాలు. ఆచార్య అశుతోష్ వార్ష్ణేయ కల్లోలం జరగని ఊరిని కూడ పరిశోధనలోనికి తెచ్చినారు. సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ ప్రాంతాల విద్యార్థులకు వీరి కృషి తెలియవలెనని మా అభిప్రాయం.

వీరు అమెరికాలోని మసాచుసెట్స్ సాంకేతిక సంస్థలో డాక్టరేటు పొంది, హార్వర్డు, మిచిగన్ విశ్వవిద్యాలయాలలో బోధించి, 2009లో బ్రౌన్ విశ్వవిద్యాలయమున చేరినారు. 1995లో వెలువడిన వీరి తొలి గ్రంథం నగర హింసను గూర్చినది కాదు. రైతులను, పంటల ధరలను గూర్చినది. వరి పండించు మన ప్రాంతానికి అదియు పరాయి విషయం కాదు.

తరువాత వీరు స్టీవెన్ విల్కిన్సన్‌తో కలసి 1950 మొదలు 1995 వరకు ఒక ఆంగ్ల దినపత్రికలో వచ్చిన హిందూ ముస్లిం కల్లోలాల వార్తలనన్నింటిని లెక్క కట్టినారు. ఎంత విసుగు పుట్టించు పనియో ఊహింపవచ్చును. ఫలితం మాత్రం ఆశ్చర్యకరం. మృతులలో పల్లెలకు చెందినవారు నూటికి నలుగురికన్న తక్కువ. దాదాపు సగం మరణాలు ఎనిమిది నగరాలలోనే సంభవించినవి. వానిలో మన హైదరాబాదు ఒకటి.

అటుపై, ముస్లిం జనాభా నిష్పత్తి ఇంచుమించు సమానంగా గల నగరాలను జంటలుగా ఎంచినారు: అలీగఢ్‌తో కాలికట్, హైదరాబాదుతో లక్నో, అహమదాబాదుతో సూరత్. 2002లో ప్రకటించిన గ్రంథంలో వారు చెప్పిన సమాధానమిది: ఇరుగుపొరుగు పలకరింపులు, పండుగ విందులు పల్లెకు చాలును, నగరానికి చాలవు. వర్తక సంఘం, కార్మిక సంఘం, పఠన మందిరం వంటి వానిలో ఇరు మతాలవారు కలసి సభ్యులై ఉన్నచోట వదంతి వ్యాపింపకముందే దానిని ఆపువారుందురు. లక్నోలో చికన్ కుట్టుపని చేయు ముస్లిములు, దానిని అమ్ము హిందూ వర్తకులు ఒకరు లేనిదే ఒకరు బ్రతుకలేరు.

ఈ సిద్ధాంతమును అందరు అంగీకరింపలేదు. పాల్ బ్రాస్ అను పండితుడు కల్లోలాలు తమంత తాము పుట్టవనియు, వానిని పుట్టించువారు వేరుగా ఉందురనియు వాదించినాడు. లెక్కలు కట్టుటలో తోడ్పడిన విల్కిన్సనే 2004లో, ఎన్నికల లాభనష్టాలను బట్టియే ప్రభుత్వాలు పోలీసులను కదిలించునని వ్రాసినాడు. ఒకే లెక్కల నుండి ఇద్దరు మిత్రులు రెండు దారులు పట్టుట మాకు నచ్చినది. పోలీసుల పాత్రను తక్కువ చేసి చూచుట వార్ష్ణేయ వాదంలోని లోపమే అని మా తలంపు.

మన మూడు పట్టణాలు పల్లెకు నగరానికి నడుమ ఉన్నవి. పాలకీడు మండలంలోని జాన్‌పహాడ్ దర్గా ఉర్సుకు హిందువులు, ముస్లిములు కలసియే పోవుదురు. అయితే ఉర్సు ఏడాదికొక పర్యాయమే వచ్చును. మిగిలిన దినాలలో మిర్యాలగూడ బియ్యపు మిల్లుల హమాలీలు, సూర్యాపేట మార్కెట్టు యార్డులోని అడ్తిదారులు, కోదాడలో రహదారి వెంట దుకాణాలు నడుపువారు ఏయే సంఘాలలో కలసి కూర్చుందురు? ఆ సంఘాల సభ్యత్వపు పుస్తకాలను తెరచి చూచుటకు డాక్టరేటు అవసరం లేదు. రాబోవు వేసవి సెలవులలో డిగ్రీ విద్యార్థులు నలుగురు పూనుకొన్న, ఒక్కొక్క పట్టణానికి ఒక నెల చాలును.