మైదానములో తీర్పరియైన మహిళ

ఏ వీధికి ముందు కుళాయి వేయవలెను, ఎవరి గోడ బాటలోనికి జరిగినది అను ప్రశ్నలు వచ్చినపుడు ఇరుపక్షములవారును పంచాయతీ సభ్యుల ముఖమే చూతురు. తీర్పు ఎంత న్యాయమైనదైనను ఓడినవారికి రుచింపదు. చెప్పినది స్త్రీయైనచో, "ఆడుదానికేమి తెలియును?" అను మాట కూడ కొన్నిచోట్ల వినబడును. ఇట్టి మాటకు పనితోనే సమాధానము చెప్పిన జర్మను మహిళ బిబియానా స్టైన్‌హౌస్ చరిత్రము మన సభ్యులు తెలిసికొనదగినది.

రిఫరీ పని ఎట్టిది?

ఫుట్‌బాల్ మనకు క్రొత్త ఆట కాదు. హైదరాబాదు వాస్తవ్యుడైన సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో భారత జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్ క్రీడలలో నాల్గవ స్థానమును, 1962 జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణపతకమును పొందెను.

ఈ ఆటలో పక్షమునకు 11 మంది చొప్పున 90 నిమిషములు ఆడుదురు. తీర్పరికే రిఫరీ యని పేరు. గీతల వెంట జెండాలతో ఇద్దరు సహాయకులుందురు. కాని తుది తీర్పు రిఫరీదే. తప్పు చేసినవానికి పసుపు కార్డు చూపి హెచ్చరించును. పెద్ద తప్పునకు ఎఱ్ఱ కార్డు చూపి వెలుపలికి పంపును. బంతి వెంట పరుగెత్తుచు, వేలకొలది జనుల కేకల నడుమ, క్షణములో నిర్ణయింపవలెను.

మెట్టు మెట్టుగా

బిబియానా 1979లో జన్మించెను. తండ్రియు రిఫరీయే. ఆమె హానోవర్ నగరమున పోలీసు ఉద్యోగినిగా పనిచేయుచునే, మొదట స్త్రీల పోటీలకు, పిమ్మట పురుషుల చిన్న పోటీలకు తీర్పరియయ్యెను. 2007లో జర్మనీలో వృత్తి క్రీడాకారులైన పురుషుల రెండవ శ్రేణి పోటీలకు నియమింపబడెను. ఆ దేశమున ఆ స్థాయికి చేరిన ప్రథమ మహిళ ఆమెయే. 2011లో స్త్రీల ప్రపంచకప్పు తుది పోటీకిని, 2012 లండన్ ఒలింపిక్ స్త్రీల తుది పోటీకిని ఆమెయే రిఫరీ.

అయినను స్వదేశమున పురుషుల మొదటి శ్రేణి పోటీకి పదేండ్లు వేచియుండవలసి వచ్చెను. 2017 సెప్టెంబరు 10న బెర్లిన్‌లో హెర్తా, వెర్డర్ బ్రేమెన్ జట్ల నడుమ జరిగిన ఆటతో ఆ ద్వారము తెరువబడెను. ఆ ఆట 1-1గా ముగిసెను.

ఒక పరీక్ష

2015లో ఆమె ఒక ఆటగానిని మైదానమునుండి వెలుపలికి పంపెను. పురుషుల ఆటలో స్త్రీలకు చోటు లేదని అతడు ఆమెతో అనెను. ఆమె తన తీర్పును మార్చుకొనలేదు. డ్యూసెల్‌డార్ఫ్ నగరమునకు చెందిన అతని సొంత జట్టు యాజమాన్యమే ఆ మాటను తప్పుగా నెంచి, బాలికల ఆట యొకదానికి రిఫరీగా పనిచేయుమని అతనిని ఆదేశించెను. అతడు క్షమాపణ చెప్పి, ఆ పని చేసెను. ఇతరుల పనిలోని కష్టము స్వయముగా చేసిననాడే తెలియును గదా!

బిబియానా 2020లో మైదానమునుండి విరమించెను. 2022 డిసెంబరు 1న, కటార్‌లో జరిగిన పురుషుల ప్రపంచకప్పులో కోస్టారికా, జర్మనీల ఆటకు ఫ్రాన్సు దేశపు స్టెఫానీ ఫ్రాపార్ రిఫరీయయ్యెను. పురుషుల ప్రపంచకప్పు ఆటకు స్త్రీ రిఫరీయగుట అదియే మొదటిసారి. ఆనాటి ఇద్దరు సహాయకులును స్త్రీలే.

మనము గ్రహింపవలసినది

రిఫరీకి నియమములు కంఠస్థములై యుండవలెను. సభ్యులకును పంచాయతీ చట్టము తెలిసియుండవలెను. రిఫరీ బంతికి దగ్గరగా నుండి చూచును. సభ్యులును వివాదస్థలమునకు పోయి చూడవలెను. మనవాడు, పరవాడు అను భేదము ఇరువురికిని తగదు.

1993లో అమలులోనికి వచ్చిన 73వ రాజ్యాంగ సవరణ పంచాయతీలలో మూడవవంతుకు తక్కువ కాకుండ స్థానములను స్త్రీలకిచ్చెను. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ చట్టములు దానిని సగమునకు పెంచినవి. కాని సర్పంచి ఆమెయై, కుర్చీలో భర్త కూర్చుండు గ్రామములు నేటికిని లేకపోలేదు. ఈల ఒకరి చేతిలోనుండగా వేరొకరు ఊదినచో అది ఆట కాజాలదు. ఎన్నికైన స్త్రీ తానే సభ నడపవలెను, తానే సంతకము చేయవలెను, తానే తీర్పు చెప్పవలెను. పొరపాటు జరిగినచో నేర్చుకొనును. అవకాశమే లేనిచో నేర్చుట యెట్లు?

చర్చింపవలసిన ప్రశ్నలు

1. మన పంచాయతీ సమావేశములలో స్త్రీ సభ్యులు స్వయముగా మాటలాడుచున్నారా?
2. వివాదస్థలమును చూడకయే చేసిన తీర్మానములేవైన ఉన్నవా?
3. మన పాఠశాల మైదానమున బాలికలు ఆడుకొనుటకు సమయము, స్థలము కలవా?