నాణెం చెప్పేది సగం, నేల చెప్పేది సగం

విజయనగరం, శ్రీకాకుళం ప్రాంతపు కాలేజీల్లో డిగ్రీ పిల్లలకు లెక్కలూ స్టాటిస్టిక్సూ చెప్పి రిటైరైనవాణ్ణి. సంభావ్యత అనగానే చాలామందికి పాచికలు, పేకముక్కలు, సంచిలో ఎర్ర బంతులూ తెల్ల బంతులూ గుర్తొస్తాయి. నాకు గుర్తొచ్చేది ర్యాండమ్ వాక్. ఎటు పడితే అటు వేసే అడుగులు చివరికి మనిషిని ఎక్కడికి చేరుస్తాయో చెప్పే లెక్క అది. దాని మీది మెట్టు ర్యాండమ్ ఎన్విరాన్‌మెంట్. అక్కడ అడుగుతో పాటు నడిచే నేల కూడా లాటరీలో వచ్చినదే. బ్లాక్‌బోర్డు ముందు ఏళ్ల తరబడి ఈ రెంటినీ చెబుతూ చెబుతూ నాకు బోధపడిన సంగతులను, ఇప్పుడు చదువుకుంటున్న మన పిల్లల కోసం వరసగా రాస్తున్నాను.

1. ముందు చేతిలో నాణెం, తరువాతే సూత్రం

బోర్డు మీద ఒక గీత గీసి విజయనగరం నుంచి పలాసకు పోయే రైలు స్టేషన్లు రాసేవాణ్ణి: చీపురుపల్లి, సిగడాం, పొందూరు, దూసి, ఆమదాలవలస... రోజూ ప్యాసింజరులో వచ్చే పిల్లలకు ఈ పేర్లు కంఠతా వచ్చు. పొందూరులో నిలబడి నాణెం ఎగరేయాలి. బొమ్మ పడితే పలాస వైపు ఒక స్టేషను, బొరుసు పడితే విజయనగరం వైపు ఒక స్టేషను జరగాలి. గీత రెండు వైపులా అంతులేకుండా సాగుతుందనుకోవాలి.

నాలుగుసార్లు ఎగరేస్తే వచ్చే వరసలు పదహారు. ఆ పదహారూ పిల్లల చేతే రాయించేవాణ్ణి. ఆరింటిలో మళ్లీ పొందూరుకే వస్తాం. ఎనిమిదింటిలో రెండు స్టేషన్ల అవతల ఉంటాం. రెండింటిలో మాత్రం నాలుగు స్టేషన్ల దూరం పోతాం. ఇప్పుడు ఒక్కో దూరాన్నీ వర్గం చేసి, అన్నీ కూడి, పదహారుతో భాగించండి. సరిగ్గా నాలుగు వస్తుంది. ఎన్నిసార్లు ఎగరేశామో అంతే. ఇది ఎన్ని అడుగులకైనా నిజం. అంటే వంద అడుగులు వేస్తే సుమారు పది స్టేషన్ల దూరం, పదివేలు వేస్తే సుమారు వంద. పదింతల దూరం పోవాలంటే వందింతల కాలం కావాలి. ఈ వర్గమూల నియమాన్ని సొంత చేత్తో కనుక్కున్న పిల్ల జన్మలో మరిచిపోదు.

2. నాణేనికి జ్ఞాపకం లేదు

ఇద్దరు ఆడుతున్నారు. నాణెం నిఖార్సైనది. కాబట్టి సగం సేపు ఒకడు, సగం సేపు ఇంకొకడు ముందుంటారని అందరూ అనుకుంటారు. లెక్క వేరేగా చెబుతుంది. ఇరవైసార్లు ఎగరేసే ఆటలో ఇద్దరిలో ఒకరు మొదటి నుంచి చివరిదాకా ఒక్కసారి కూడా ముందుకు రాకుండా ఉండిపోయే అవకాశం నూటికి 35. నిఖార్సైన ఆటలోనే ఇంత వెనకబాటు మామూలు సంగతి.

సంక్రాంతి పేకాటల దగ్గర ‘ఇందాకటి నుంచీ పోతూనే ఉంది, ఇక రాక తప్పదు’ అనే మాట వింటుంటాం. వచ్చి తీరాలన్న నియమం నాణేనికి లేదు. పైగా వంద రూపాయలున్నవాడు వెయ్యి రూపాయలున్నవాడితో రూపాయి చొప్పున, ఎవరో ఒకరి జేబు ఖాళీ అయ్యేదాకా ఆడితే, ఆట ఎంత న్యాయమైనదైనా వందవాడు మునిగే అవకాశం పదకొండింట పది వంతులు. కుటుంబాలు గుల్ల కావడానికి ఎదుటివాడు మోసం చేయనక్కర్లేదు. ఈ ఒక్క లెక్కా హైస్కూల్లోనే ప్రతి పిల్లవాడికీ చెప్పాలని నా గట్టి నమ్మకం.

3. ఈ లెక్క వెనక మన దోమ ఉంది

1897 ఆగస్టు 20న సికింద్రాబాద్‌లో రొనాల్డ్ రాస్ దోమ కడుపులో మలేరియా క్రిమిని చూశాడు. 1902లో నోబెల్ బహుమతి వచ్చింది. అక్కడితో ఆయన ఆగలేదు. దోమలు పుట్టే గుంటలు పూడిస్తే చుట్టుపక్కల ఎంత దూరం వరకు మేలు జరుగుతుంది అన్న ప్రశ్న ఆయనను పట్టుకుంది. దోమ ఎటు పడితే అటు ఎగురుతుంది, మరి బతికినన్నాళ్లలో పుట్టిన చోటి నుంచి ఎంత దూరం పోతుంది? 1904లో అమెరికాలోని సెయింట్ లూయీ సభలో ఈ లెక్కను పెట్టాడు. స్టాటిస్టిక్స్ పండితుడు కార్ల్ పియర్సన్‌నూ అడిగాడు. 1905 జులై 27 నాటి ‘నేచర్’ పత్రికలో పియర్సన్ ఇదే ప్రశ్నను లోకం ముందుంచాడు. ర్యాండమ్ వాక్ అనే పేరు అక్కడే పడింది.

జవాబు మళ్లీ వర్గమూలమే. దోమ ఎగిరిన దూరమంతా కలిపితే చాలా ఉంటుంది, నికరంగా పోయేది కొంచెమే. అందుకే ఎక్కువ దోమలు పుట్టిన గుంట దగ్గరే తిరుగుతాయి, ఊరి చుట్టూ నీటి నిలవలు తీసేయడానికి అర్థం ఉంటుంది. సీతంపేట, గుమ్మలక్ష్మీపురం, కురుపాం, సాలూరు వైపు నుంచి వచ్చిన పిల్లలు మలేరియా జ్వరాలు ఇంట్లో చూసి పెరిగినవాళ్లు. వాళ్లకు ఈ పాఠం చెబితే వెంటనే ఎదురు ప్రశ్న వచ్చేది: ‘మాస్టారూ, కొండ మీద ఒక పక్క గెడ్డ, ఒక పక్క పశువుల శాల, ఒక పక్క ఒట్టి బోడిగుట్ట. దోమ అన్ని వైపులకూ ఒకేలా ఎందుకు పోతుందండీ?’ ఆ ప్రశ్నే రెండో మెట్టు. దాన్ని గణిత లోకం గట్టిగా పట్టించుకోవడానికి ఇరవయ్యో శతాబ్దంలో మూడు వంతులు గడవాల్సి వచ్చింది.

4. దారులు పెరిగితే తిరిగి రావడం తగ్గుతుంది

1921లో జార్జ్ పోల్యా ఒక అందమైన సంగతి రుజువు చేశాడు. గీత మీదా, గళ్ల నేల మీదా ఎటు పడితే అటు నడిచేవాడు బయలుదేరిన చోటికి ఎప్పటికైనా తప్పక తిరిగి వస్తాడు. పైకీ కిందికీ కూడా కదలగలిగితే ఆ భరోసా పోతుంది, తిరిగి వచ్చే అవకాశం నూటికి 34 మాత్రమే. నడిచేవాడి తీరు ఏమీ మారలేదు, నడిచే చోటు మారింది. ఫలితం మొత్తం తారుమారైంది.

5. లాటరీలు రెండు, వాటిని కలపకండి

ఇప్పుడు మన స్టేషన్లకు రండి. ఈసారి ఒక్కో స్టేషనుకు సొంత నాణెం పెడదాం. కొన్నిచోట్ల అది మూడింట రెండు వంతులు పలాస వైపు తోస్తుంది, కొన్నిచోట్ల అంతే బలంగా విజయనగరం వైపు తోస్తుంది. ఏ స్టేషనుకు ఏ నాణెం అన్నది ముందే చీటీలు తీసి నిర్ణయిస్తాం. ఆ తరువాత మార్చడం లేదు. నేల లాటరీ ఒక్కసారే, అడుగు లాటరీ ప్రతిసారీ. రెండు రకాల నాణేలకూ చీటీలు సరిసమానమే.

‘మాస్టారూ, సమానంగా పంచినప్పుడు మామూలు నడకలాగే పోవాలి కదండీ?’ అని క్లాసంతా అనేది. 1982లో రష్యన్ గణితవేత్త సినాయ్ చూపించినది వేరు. ఇక్కడ దూరం వర్గమూలం లెక్కన పెరగదు, లాగరిథమ్ వర్గం లెక్కన పెరుగుతుంది. పది లక్షల అడుగులకు మామూలు నడక వెయ్యి స్టేషన్ల స్థాయి దూరం పోతుంది. ఈ నడకకు ఆ స్థాయి సుమారు 190. లక్ష కోట్ల అడుగులు వేస్తే మామూలు నడక పది లక్షలకు చేరుతుంది, ఇది 760 దగ్గరే ఉంటుంది.

కారణం దగ్గరగా చూడండి. చీటీల్లో యాదృచ్ఛికంగా ఒక చోట ఎడమ వైపు స్టేషన్లు కుడికి తోసేవీ, కుడి వైపువి ఎడమకు తోసేవీ పడతాయి. అది లోయ. అందులో పడినవాడు ఎటు ఎక్కబోయినా వెనక్కి జారతాడు. ఎదురు తోసే స్టేషను ఒకటి పెరిగినప్పుడల్లా బయటపడే కాలం సుమారు రెట్టింపవుతుంది. వరసగా పది ఎదురైతే వెయ్యి రెట్లు. దారి సాగేకొద్దీ ఇంకా లోతైన లోయలు తప్పవు. నడిచేవాడి అడుగుల్లో ఏ లోపమూ లేదు. నేల పట్టి ఉంచింది.

6. సగటు చూసి మోసపోకండి

అన్నిటికన్నా లోతైన పాఠం ఇది. 1975లో ఫ్రెడ్ సోలమన్ రుజువు చేశాడు. చీటీలను కొంచెం మారుద్దాం. నూటికి అరవై స్టేషన్లు పలాస వైపు తోస్తాయి, నలభై విజయనగరం వైపు. సగటున నడిచేవాడికి పలాస వైపే మొగ్గు. పదిహేను అడుగులకు ఒక స్టేషను చొప్పున ముందుకు పోవాలని సగటు లెక్క చెబుతుంది. పది లక్షల అడుగులకు 66 వేలకు పైగా స్టేషన్లు దాటాలి.

వాడు పలాస వైపే పోతాడన్నది ఖాయం. కానీ దీర్ఘకాలంలో వాడి వేగం సున్నా. ఎందుకో మీరే సరిచూసుకోవచ్చు. ప్రతి స్టేషనులో వెనక్కి తోసే బలాన్ని ముందుకు తోసే బలంతో భాగించండి. మంచి స్టేషనులో అర, చెడ్డ స్టేషనులో రెండు వస్తాయి. వీటి సగటు 0.6 × 0.5 + 0.4 × 2, అంటే 1.1. ఆ సగటు ఒకటికి చేరినా దాటినా వేగం నిలవదని సోలమన్ సిద్ధాంతం. అదే ఏడాది కెస్టెన్, కొజ్లోవ్, స్పిట్జర్ అనే గణితవేత్తలు ఇచ్చిన లెక్క ప్రకారం ఇక్కడ దూరం అడుగుల సంఖ్యకు 0.585 ఘాతం చొప్పున పెరుగుతుంది. పది లక్షల అడుగులకు ఆ స్థాయి మూడు వేల పైచిలుకు. అరవై ఆరు వేలెక్కడ, మూడు వేలెక్కడ!

జిల్లా సగటు, క్లాసు సగటు, రాష్ట్ర సగటు అంటూ ఎవరైనా అంకె చూపించినప్పుడు నాకు ఈ సిద్ధాంతం గుర్తొస్తుంది. సగటున దారి బాగానే ఉండవచ్చు. ఎక్కడో నాలుగు అడ్డంకులు వరసగా పడ్డ చోటే మనిషి జీవితకాలమంతా ఖర్చయిపోతుంది. వెతకాల్సింది ఆ చోటును.

7. నడిచేవాడి పక్కన నిలబడి చూడండి

ఈ శాస్త్రంలో మనవాళ్ల చెయ్యి చిన్నది కాదు. కల్యంపూడి రాధాకృష్ణారావు 1920లో హడగళిలో తెలుగు కుటుంబంలో పుట్టి, విశాఖపట్నం ఏవీఎన్ కాలేజీలో, ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చదివారు. తెల్లవారుజామున నాలుగింటికే లేపి నూనె దీపం వెలిగించి చదివించిన తల్లి లక్ష్మీకాంతమ్మగారి రుణాన్ని ఆయన ఎన్నడూ మరువలేదు. ఉద్యోగం వెతుక్కుంటూ కలకత్తా వెళ్లి, అక్కడ ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ గురించి విని, 1941లో అందులో చేరారు. 1945లో ఒక్క వ్యాసంతో ప్రపంచ స్టాటిస్టిక్స్‌లో శాశ్వత స్థానం సంపాదించారు. 2023లో అంతర్జాతీయ స్టాటిస్టిక్స్ బహుమతి అందుకుని, ఆ ఆగస్టులోనే 102 ఏళ్ల వయసులో కన్నుమూశారు.

ఆయన దగ్గర డాక్టరేట్ చేసినవారే మద్రాసులో పుట్టిన ఎస్.ఆర్. శ్రీనివాస వరదన్. ఆ సిద్ధాంత వ్యాసాన్ని పరీక్షించినవారిలో రష్యన్ గణిత దిగ్గజం కొల్మొగొరోవ్ అంతటివాడున్నాడు. వరదన్‌కు 2007లో ఏబెల్ బహుమతి వచ్చింది. ర్యాండమ్ ఎన్విరాన్‌మెంట్ మీద ఆయన చేసిన పని ఈనాటికీ ఆధారం. 1986లో కిప్నిస్‌తో కలిసి ఆయన బలంగా వాడిన పద్ధతి నాకు ప్రాణం. నేలను దూరం నుంచి కొలిచే బదులు, నడిచేవాడి దగ్గరే నిలబడి, వాడికి చుట్టూ కనిపించే నేల అడుగడుగుకీ ఎలా మారుతుందో చూడాలి. అలా చూస్తే చిక్కుపడ్డ లెక్క విడిపోతుంది.

ఉపాధ్యాయులకు నా విన్నపం కూడా ఇదే. హాస్టల్లో ఉండి చదివే కొండ ఊరి పిల్లాడు వెనకబడితే, వాడి అడుగులను తిట్టే ముందు వాడి పక్కన నిలబడి వాడి నేలను చూడండి.

8. అన్నిటికీ ఒకే నడక అంటగట్టకండి

లెక్క మీద ప్రేమ ఉన్నవాడు దాని హద్దు కూడా తెలుసుకోవాలి. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను విశాఖ దగ్గర తీరం తాకింది. 2018 అక్టోబరు 11న తిత్లీ పలాస దగ్గర తీరం దాటి ఉద్దానం కొబ్బరి, జీడి తోటలను నేలమట్టం చేసింది. ఆ తరువాత ఈశాన్యానికి తిరిగి, ఒడిశా కొండల్లో కురిసి, వంశధారకు వరద తెచ్చింది. తుపాను దారిలో అనిశ్చితి ఉంది, రోజులు ముందుకు జరిగేకొద్దీ అంచనా పరిధి వెడల్పవుతుంది కూడా. అయినా అది నాణెం నడక కాదు. దాని అడుగుకు నిన్నటి అడుగు గుర్తుంటుంది, పై గాలులు నడిపిస్తాయి. యాదృచ్ఛికం అనేసి చేతులు దులుపుకునే ముందు, ఏది లాటరీ, ఏది కారణం అని విడదీయడం నేర్చుకోండి. విడదీసిన మేర ప్రాణాలు నిలబడతాయి.

9. మీరే చేసి చూడండి

డిగ్రీ చదివే పిల్లలూ, ఈ పాఠాలను నా మాట మీద నమ్మకండి. మీ కాలేజీ ల్యాబులో కంప్యూటరుంది. ఆరో పాఠంలోని అరవై-నలభై చీటీలతో స్టేషన్లను వరసగా పరిచి, పది లక్షల అడుగులు వేయించి, దూరాన్ని గీత గీసి చూడండి. ఆ గీత మెట్లు మెట్లుగా వస్తుంది: చాలాసేపు ఒకేచోట కొట్టుమిట్టాడి, ఒక్కసారిగా ముందుకు దూకి, మళ్లీ ఆగుతుంది. ఆగినచోట నేలలో ఏముందో తవ్వి చూడండి. లోయ దొరుకుతుంది. ఆ లోయలో ఒకే ఒక్క స్టేషను నాణేన్ని తిప్పి పెట్టి మళ్లీ నడిపించండి. బయటపడే కాలం ఎంత తగ్గుతుందో అంకెల్లో కనిపిస్తుంది. నడిచేవాణ్ణి మార్చకుండా నడకను మార్చవచ్చని గణితం ఇంత స్పష్టంగా చెబుతోంది. రేపు మీరు టీచర్లయినా, డాక్టర్లయినా, కలెక్టర్లయినా, తిప్పాల్సిన ఆ ఒక్క నాణెం ఎక్కడుందో వెతకడం మీ పనిగా పెట్టుకోండి.