పోటీ పరీక్షల ప్రత్యేకం: కోరంగి రేవు, మునిగిన నౌకలు

కర్మన్‌ఘాట్, దిల్‌సుఖ్‌నగర్ గదుల్లో గ్రూప్స్‌కు చదివేవారు తుపానుల పాఠంలో ‘సైక్లోన్’ అనే మాట ఎవరిదో బట్టీ పడతారు. ఆ మాట కథలో మన గోదావరి తీరం కూడా ఉంది.

నేటి కాకినాడ జిల్లాలోని కోరంగి ఒకప్పుడు ఓడల మరమ్మతుకు పేరొందిన రేవు. ఇక్కడి నుంచి వలస వెళ్లిన తెలుగువారిని బర్మాలో ‘కోరంగీలు’ అనేవారు. 1789 డిసెంబరులో కోరంగిని ఉప్పెన ముంచింది. 1839 నవంబరులో మళ్లీ అదే గతి. రేవులోని నౌకలు నాశనమయ్యాయి, కోరంగి మళ్లీ కోలుకోలేదు. రెండు సంవత్సరాలను కలపకండి; తికమక పడేది ఇక్కడే. 1839కి మూడు లక్షల మరణాలు, 20 వేల నౌకలు అని పుస్తకాల్లో కనిపిస్తుంది. చిన్న రేవుకు ఆ లెక్క నమ్మశక్యంగా లేదని నా అభిప్రాయం.

కలకత్తాలో ఉన్న హెన్రీ పిడింగ్టన్ ఇలాంటి తుపానులను, నావికుల లాగ్ పుస్తకాలను పరిశీలించి, చుట్టచుట్టుకున్న పామును తలపించే గ్రీకు మాట నుంచి ‘సైక్లోన్’ను రూపొందించాడు. 1848లో వెలువడిన ఆయన నావికుల గ్రంథంతో అది స్థిరపడింది.

1864 నవంబరు 1 రాత్రి ఉప్పెన మచిలీపట్నాన్ని ముంచింది. సుమారు 30 వేల మంది చనిపోయారు. అంతకు నెల ముందే కలకత్తా రేవులో తుపానుకు ఎన్నో నౌకలు దెబ్బతిన్నాయి. ఇలాంటి విపత్తుల తర్వాతే 1875లో భారత వాతావరణ శాఖ ఏర్పడింది.