నూనెకూ నీటికీ పొత్తు: తోట ఆకులతో సాలడ్ డ్రెసింగ్

ఈ దేశంలో పుట్టి పెరుగుతున్న మన పిల్లలలో చాలామందికి పచ్చి క్యారట్ ముక్క తినిపించాలంటే పక్కన ఒక గిన్నెలో తెల్లని, చిక్కని రాంచ్ డ్రెసింగ్ ఉండవలసినదే. దీనిని మనము సాధారణంగా అంగడిలో సీసాలతో కొంటాము. పెరటిలో నాలుగు కుండీల ఆకులు, రిఫ్రిజిరేటరులో కొంత మజ్జిగ ఉంటే ఇంట్లోనే సులభంగా చేసుకోవచ్చు. అయితే చేయదలచిన వారికి రెండు సందేహాలు కలుగుతాయి. నూనె, నీరు విడిపోకుండా ఎట్లా నిలుస్తాయి? చేసిన దానిని ఎన్నాళ్లు ఉంచి తినవచ్చు? ఈ రెండు ప్రశ్నలూ వేరువేరుగా కనిపించినా, సమాధానం ఒకేచోట ఉన్నది. అది నూనె బిందువుల నడుమ మిగిలిన కొద్దిపాటి నీరు. ఆ నీటి కథయే ఈ వ్యాసం.

పొట్లము నుండి సీసాకు

నెబ్రాస్కా రాష్ట్రానికి చెందిన స్టీవ్ హెన్సన్ అలాస్కాలో ప్లంబింగ్ కాంట్రాక్టరుగా ఉన్న రోజులలో, తన పనివారి భోజనం కోసం మజ్జిగతో ఒక డ్రెసింగ్ కల్పించాడు. 1950ల దశకంలో ఆయన, భార్య గేల్ కలిసి కాలిఫోర్నియాలోని శాంటా బార్బరా సమీపాన ఒక రాంచ్ కొని దానికి 'హిడెన్ వ్యాలీ' అని పేరు పెట్టారు. అక్కడి అతిథులు ఈ డ్రెసింగును మెచ్చుకొని ఇంటికి కావాలని అడగడంతో, ఎండు ఆకులు, మసాలా పొడి కలిపిన పొట్లాలను తపాలాలో అమ్మసాగారు. కొన్నవారు వాటిలో మయొనేజ్, మజ్జిగ తామే కలుపుకొనేవారు. 1972లో క్లోరాక్స్ సంస్థ ఈ వ్యాపారాన్ని 80 లక్షల డాలర్లకు కొన్నది. కలిపి ఉంచిన సీసాలు 1980లలో గాని అంగళ్లకు రాలేదు.

ఇన్నేళ్లు పొట్లముగానే ఎందుకు అమ్మినట్లు? పొడిలో నీరు లేదు. నీరు లేనిచోట సూక్ష్మజీవి పెరగదు. మజ్జిగ కలిపిన క్షణం నుండి కాలగణన మొదలవుతుంది. నేడు సీసా వెనుక కనిపించే జాంథన్ గమ్, పొటాషియం సార్బేట్ వంటి పేర్లు ఈ సమస్యలకు కర్మాగారాలు కనుగొన్న ఉపాయాలు. మొదటిది నీటిని చిక్కబరచి నూనె పైకి తేలకుండా ఆపుతుంది. రెండవది బూజులను, ఈస్టులను అడ్డుకుంటుంది. ఇంట్లో చేసేవారికి ఈ రెండూ ఉండవు. వారికి ఉన్నవి గుడ్డుసొన, పులుపు, ఉప్పు, చల్లదనం మాత్రమే.

మధ్యవర్తి అణువు

నూనెను నీటిలో వేసి గిలకొడితే చిన్న బిందువులుగా చీలుతుంది; వదిలివేస్తే మరల ఏకమై పైకి తేలుతుంది. బిందువులు చిన్నవయ్యే కొద్దీ నూనెకూ నీటికీ మధ్య సరిహద్దు పెరగడమే ఇందుకు కారణం. ఒక లెక్క చూడండి. ఒక మిల్లీలీటరు నూనె ఒకే గోళంగా ఉంటే దాని ఉపరితలం సుమారు 5 చదరపు సెంటీమీటర్లు. అదే నూనెను 5 మైక్రాన్ల వ్యాసం గల బిందువులుగా చీలిస్తే సుమారు 1,500 కోట్ల బిందువులు ఏర్పడతాయి. వాటి మొత్తం ఉపరితలం 12,000 చదరపు సెంటీమీటర్లు, అనగా ఒక చిన్న బల్లంత వైశాల్యం! ఇంత సరిహద్దును నిలబెట్టడానికి శక్తి కావాలి. ఆ భారం తగ్గించుకొనడానికే బిందువులు ఒకటవుతాయి.

ఈ తగవు తీర్చే మధ్యవర్తి గుడ్డులోని పచ్చసొనలో ఉన్నది. ఫ్రెంచి రసాయనశాస్త్రజ్ఞుడు థియొడోర్ గోబ్లే 1846లో పచ్చసొన నుండి ఒక పదార్థాన్ని వేరుచేసి, 1850లో దానికి 'లెసిథిన్' అని నామకరణం చేశాడు. గ్రీకు భాషలో 'లెకిథోస్' అంటే పచ్చసొన. లెసిథిన్ అణువుకు ఒక తల, రెండు తోకలు ఉన్నాయని ఊహించుకోండి. తల నీటిని కోరుతుంది. తోకలు నూనెను కోరుతాయి. కాబట్టి ఇది నూనె బిందువు చుట్టూ తోకలు లోపలికి, తలలు బయటికి ఉండేటట్లు బారులు తీరుతుంది. పచ్చసొనలోని ప్రోటీనులు కూడా ఈ పొరలో చేరి దానిని దృఢపరుస్తాయి. ఇక రెండు బిందువులు తాకినా కలిసిపోవు. ఇట్టి మిశ్రమాన్ని ఎమల్షన్ అంటారు.

మయొనేజ్ ఇంత గట్టిగా ఎందుకు ఉంటుంది? ఒకే పరిమాణం గల గోళాలను ఎంత పొందికగా పేర్చినా, అవి స్థలంలో సుమారు 74 శాతాన్నే ఆక్రమించగలవు. ఇంటి మయొనేజ్‌లో నూనె ఘనపరిమాణంలో 80 శాతం దాటుతుంది. అంటే బిందువులు ఒకదానినొకటి ఒత్తుకొని ఆకారం చెడి, కదలడానికి చోటు లేక నిలిచిపోతాయి. రెండు ద్రవాలు కలిసి ఘనపదార్థంలా నిలబడటంలోని రహస్యం ఇదే. ఇక్కడ మజ్జిగ పోస్తే బిందువుల మధ్య ఎడం పెరిగి మిశ్రమం జారుగా మారుతుంది గాని విరగదు. బయట ఉన్నది నీరే కనుక ఎంత నీరు వచ్చినా దానికి చుట్టమే. అదే సమయంలో నూనె మితిమీరితే విరుగుతుంది.

వెన్న దీనికి తలక్రిందుల ఉదాహరణ. పాల మీగడలో నీటి మధ్య కొవ్వు బిందువులు ఉంటాయి. కవ్వంతో చిలికినప్పుడు ఆ బిందువుల పొరలు చిరిగి కొవ్వు ఏకమవుతుంది; చివరకు కొవ్వు మధ్య నీటి బిందువులు చిక్కుకుంటాయి. ఇంటిలో పిల్లలతో ఒక పరీక్ష చేయించవచ్చు. చన్నీటిలో చెంచాడు మయొనేజ్ వేసి కలిపితే నీరు తెల్లగా మారుతుంది. వెన్న వేస్తే ముద్దగా తేలుతుంది. బయట ఏది ఉన్నదో ఇట్టే తెలిసిపోతుంది.

ఇక్కడి మజ్జిగ, మన మజ్జిగ

ఇక్కడి అంగళ్లలో 'బటర్ మిల్క్' అని అమ్మేది మనము చిలికిన మజ్జిగ కాదు. సాధారణంగా కొవ్వు తగ్గించిన పాలలో లాక్టోకాకస్ జాతి సూక్ష్మజీవులను తోడువేసి పులియబెట్టినది. వెన్న తీసినది కాదు. తోడులోని కొన్ని జీవులు డైఅసిటిల్ అనే పదార్థాన్ని తయారు చేయడం వలన దానికి వెన్న వాసన వస్తుంది. పులుపు పెరిగి పి.హెచ్. 4.6 సమీపించినప్పుడు పాలలోని కేసీన్ ప్రోటీను గడ్డకడుతుంది. డ్రెసింగుకు చిక్కదనం, పులుపు ఇచ్చేది ఇదే. మన ఇంటి పెరుగును పలుచగా చిలికి వాడినా పని జరుగుతుంది.

ఆకుల వాసన ఎక్కడ ఉంటుంది?

రాంచ్‌కు మూడు ఆకులు ముఖ్యం: పార్స్లీ, డిల్, చైవ్స్. డిల్ మనకు కొత్తది కాదు. తెలంగాణలో సోయకూర అని వండుకునేది ఇదే. డిల్, పార్స్లీ, కొత్తిమీర, జీలకర్ర, వాము అన్నీ ఒకే కుటుంబపు మొక్కలు. చైవ్స్ ఉల్లి కుటుంబానికి చెందిన సన్నని కాడలు. ఇవి దొరకకపోతే లేత ఉల్లికాడలు చాలును. పార్స్లీ బదులు కొత్తిమీర వేసుకోవచ్చు. కొందరికి కొత్తిమీర సబ్బు వాసన కొడుతుంది. అందులోని ఆల్డిహైడులను పసిగట్టడంలో మనిషికీ మనిషికీ ఉన్న తేడాకు జన్యువుల పాత్ర కొంత ఉన్నదని 2012లో ప్రచురితమైన పరిశోధన సూచించింది. కాబట్టి విందుకు వచ్చిన అతిథి మొగం ముడిస్తే అది మన వంట తప్పు కానక్కరలేదు.

ఆకుల పరిమళ తైలాలలో చాలా భాగం నీటిలో కంటె కొవ్వులో బాగా కరుగుతాయి. తరిగిన ఆకులు కలిపి అరగంట చల్లగా ఉంచితే ఆ పరిమళం మెల్లగా నూనె బిందువులలోనికి చేరుతుంది. వెల్లుల్లి సంగతి వేరు. చెక్కు చెదరని రెబ్బకు ఘాటైన వాసన లేదు. నలిపినప్పుడు కణాలు చితికి అల్లినేజ్ అనే ఎంజైము అల్లిన్ అనే పదార్థాన్ని తాకడంతో ఘాటైన అల్లిసిన్ పుడుతుంది. బలమైన పులుపు ఈ ఎంజైమును అణచివేస్తుంది. అందుచేత వెల్లుల్లిని ముందు నలిపి, కొన్ని నిమిషాలు ఆగి, తరువాత పులుపులో కలపాలి.

ఆకులను మొద్దు కత్తితో నలిపితే నల్లబడతాయి. పదునైన కత్తితో తరగాలి. పులుపులో నాలుగు రోజులు నానిన ఆకులోని క్లోరోఫిల్ తన మెగ్నీషియమును పోగొట్టుకొని ముదురు ఆలివ్ రంగుకు మారుతుంది.

తయారీ

మయొనేజ్‌కు కావలసినవి: పాశ్చరీకరించిన గుడ్డు పచ్చసొన 1, నిమ్మరసం 1 టేబుల్ స్పూను, నూరిన ఆవముద్ద అర టీ స్పూను, ఉప్పు పావు టీ స్పూను, వాసన లేని నూనె ముప్పావు కప్పు. అన్నీ గది వేడికి వచ్చిన తరువాత, నూనె తప్ప మిగిలినవి గిలకొట్టి, నూనెను మొదట చుక్కలుగా, చిక్కబడిన తరువాత సన్నని ధారగా పోస్తూ ఆపకుండా గిలకొట్టాలి. తొందరపడితే నూనె ఎక్కువై లెసిథిన్ పొర కట్టే లోపలే బిందువులు ఏకమవుతాయి. విరిగిన మిశ్రమాన్ని పారవేయనక్కరలేదు. మరొక గిన్నెలో చెంచాడు నీరు లేక కొత్త పచ్చసొన తీసుకొని, విరిగిన దానిని చుక్కచుక్కగా కలిపితే తిరిగి కుదురుతుంది.

ఇందులో అర కప్పు తీసుకొని, అర కప్పు మజ్జిగ, పావు కప్పు వడకట్టిన పెరుగు, తరిగిన పార్స్లీ 2 టేబుల్ స్పూనులు, చైవ్స్ 1, డిల్ 1, నలిపిన వెల్లుల్లి రెబ్బ ఒకటి, నిమ్మరసం 1 టీ స్పూను, మిరియాల పొడి, తగినంత ఉప్పు కలపాలి. ఆకులను కడిగి పూర్తిగా తడి ఆర్చి తరగాలి. ఎండు ఆకులైతే మూడవ వంతు చాలును.

గుడ్డు తినని వారు మయొనేజ్ మాని, బట్టలో వ్రేలాడగట్టి నీరు పోయిన పెరుగు ముప్పావు కప్పులో రెండు టేబుల్ స్పూనుల నూనె, ఆవముద్ద వేసి గిలకొట్టవచ్చు. ఇక్కడ కేసీన్, ఆవలోని జిగురు మధ్యవర్తులవుతాయి. ఆవపెట్టిన పెరుగుపచ్చడి ఎరిగిన వారికి ఈ రుచి పరాయిది కాదు.

కాలరీలకు భయపడి నూనెను పూర్తిగా మానడం మంచిది కాదు. క్యారట్, టమాటాలలోని కెరొటినాయిడులు కొవ్వు తోడు లేనిదే దాదాపు ఒంటబట్టవని అయోవా స్టేట్ విశ్వవిద్యాలయం వారి 2004 నాటి పరిశోధన చూపింది. మొదట చెప్పిన కొలతల ప్రకారం ఒక టేబుల్ స్పూనుకు సుమారు 40 కాలరీలే వస్తాయి.

ఎన్నాళ్లు, ఎందుకు?

సూక్ష్మజీవులు నూనెలో పెరగవు, నీటిలో పెరుగుతాయి. ఆ నీటిలో తగినంత ఉప్పు, పులుపు ఉంటే వాటి ఆట కట్టు. ఆవకాయలో వెల్లుల్లి నూనెలో మునిగి ఏడాది నిలుస్తున్నదంటే, అది నూనె మహిమ కాదు. మామిడి పులుపు, దండిగా పడిన ఉప్పు చేసిన పని. ఈ తేడా తెలియక ఉత్త నూనెలో పచ్చి వెల్లుల్లిని గాని, తోట ఆకులను గాని వేసి గట్టున ఉంచడం ప్రాణాంతకం. మట్టి నుండి వచ్చిన క్లాస్ట్రీడియం బొట్యులినం బీజాలు గాలి తగలని, పులుపు లేని ఆ చోట మొలకెత్తి విషం పుట్టిస్తాయి. 1985లో కెనడాలోని వాంకూవరులో నూనెలో నిలవ ఉంచిన వెల్లుల్లి వలన 36 మంది, 1989లో న్యూయార్కు రాష్ట్రంలోని కింగ్‌స్టన్‌లో ముగ్గురు ఈ విషానికి గురయ్యారు. ఆ విషానికి వాసన లేదు, రుచి లేదు. పి.హెచ్. 4.6 కంటె తక్కువైన చోట ఈ జీవి పెరగదు; కాని మన నాలుక పి.హెచ్. కొలవలేదు.

మన డ్రెసింగులో పులుపు ఉన్నప్పటికీ మజ్జిగ నీరు ఎక్కువ, ఉప్పు తక్కువ. పైగా పచ్చి ఆకులతో మట్టి జీవులూ రావచ్చు. అందుచేత దీనిని ఆవకాయలా కాక పెరుగుపచ్చడిలా చూడాలి. 40 డిగ్రీల ఫారెన్‌హీట్ లోపల మూత పెట్టి ఉంచి, మూడు నాలుగు రోజులలో ముగించాలి. పిక్నిక్ బల్లపై రెండు గంటలకు, ఎండ 90 డిగ్రీలు దాటితే ఒక గంటకు మించి ఉంచరాదు. ఫ్రీజరులో పెట్టరాదు, మంచు స్ఫటికాలు బిందువుల పొరలను చీల్చి నూనెను విడదీస్తాయి. పచ్చి గుడ్డులో, పెంకు చెక్కు చెదరకున్నా, సాల్మొనెల్లా ఉండవచ్చు. పసిపిల్లలు, వృద్ధులు, గర్భవతులు ఉన్న ఇళ్లలో పాశ్చరీకరించిన గుడ్డు లేక సీసాలో అమ్మే మయొనేజ్ తప్ప మరొకటి వాడరాదు.

మన పెద్దలు ఏ ఎమల్షన్ సిద్ధాంతమూ చదవకుండానే పెరుగుపచ్చడిని ఆ పూటకు, ఆవకాయను ఏడాదికి అని విభజించారు. ఆ విభజనకు కారణం ఆ రెంటిలోని నీరు, ఉప్పు, పులుపుల పాలు వేరు కావడమే. కొత్త దేశపు వంటకమేదైనా మన గడపలోనికి వచ్చినప్పుడు, ఇందులో నీరెంత, ఆ నీటికి కాపలా ఏది అని మొదట ప్రశ్నించుకుంటే, అది ఏ గట్టున ఉండవలసినదో, ఎన్నాళ్లు ఉండదగినదో మనకే తెలుస్తుంది.